వకీలు లేని అప్పీలు, వెళ్ళలేని వాయిదా

శ్రీకాకుళం జిల్లాలో ఒక కోర్టు పక్క సందులో మాకు టైపింగ్, జిరాక్స్ షాపు ఉంది. పెళ్ళయి వచ్చిన కొత్తలో మా మామగారి రెమింగ్టన్ మిషన్ మీద పని నేర్చుకున్నాను. ఇప్పుడు కంప్యూటరు మీద చేస్తున్నాను. ప్లెయింట్లు, కౌంటర్లు, అఫిడవిట్లు, మెమోలు, కాపీ అప్లికేషన్లు అన్నీ నా చేతి మీదుగా వెళ్తాయి. నేను లాయర్ని కాదు. కేసు గెలుస్తుందా ఓడుతుందా అని ఎవరడిగినా చెప్పను. కానీ ఇన్నేళ్ళుగా ఈ కాగితాలే టైపు చేస్తున్నదాన్ని కాబట్టి, ఏ కాగితం ఎప్పుడు వేయాలో, వేయకపోతే మనిషికి ఏం పోతుందో తెలిసింది. ఆ తెలిసినంత వరకు ఇక్కడ రాస్తున్నాను.

లాయరు లేకుండా తమ సివిల్ అప్పీలు తామే నడుపుకుంటున్న వాళ్ళ కోసం ఈ పోస్టు. కోర్టులో వీళ్ళని పార్టీ ఇన్ పర్సన్ అంటారు. ఇలాంటివాళ్ళు తక్కువే అనుకుంటారు గానీ మా షాపుకి వస్తూనే ఉంటారు. కింది కోర్టులో లాయరుని పెట్టుకుని, ఉన్న డబ్బు అక్కడే అయిపోయి, అప్పీలుకి వచ్చేసరికి కేసు కట్ట సంచిలో పెట్టుకుని ఒక్కళ్ళే తిరిగేవాళ్ళు వీళ్ళలో ఎక్కువ. వీళ్ళకి అప్పీలు పోయేది చాలాసార్లు వాదనలో ఓడిపోయి కాదు. ఒక వాయిదాకి రాలేక పోతుంది.

అదెలా జరుగుతుందో చెప్తాను. పదిన్నరకి జడ్జిగారు బెంచీ ఎక్కగానే కాల్ వర్క్ మొదలవుతుంది. బెంచ్ క్లర్క్ నంబరు చదువుతారు, అటెండరు గుమ్మం దగ్గరికి వచ్చి పేర్లు పిలుస్తాడు. లాయరు ఉన్న కేసైతే ఆయన రాకపోయినా జూనియరు లేచి, ‘సీనియర్ గారు పక్క కోర్టులో ఆర్గ్యుమెంట్స్‌లో ఉన్నారండి, పాస్ ఓవర్ ఇప్పించండి’ అంటారు. జూనియరు కూడా లేకపోతే గుమస్తా వరండాలోకి పరుగెత్తి, కనబడిన లాయరుని బతిమాలి తెచ్చి నిలబెడతాడు. మధ్యాహ్నం మళ్ళీ పిలుస్తారు, లేదంటే వాయిదా పడుతుంది. పార్టీ ఇన్ పర్సన్‌కి జూనియరు ఉండడు, గుమస్తా ఉండడు. బస్సు ఆగిపోయిందని చెప్పడానికి కూడా ఆ హాల్లో మనిషి ఉండడు. ఆ రోజు ఏం జరిగిందో రాసే డాకెట్ మీద రెండు ముక్కలు పడతాయి: అప్పిలెంట్ కాల్డ్ ఆబ్సెంట్, నో రిప్రజెంటేషన్. అంటే అప్పీలు వేసినవాడు పిలిస్తే రాలేదు, తరఫున ఎవరూ లేరు. మూడో ముక్క, అప్పీల్ డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్, అంటే రానందుకు అప్పీలు కొట్టేశారు.

దీనికి ఆధారం 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 41, రూల్ 17. విచారణకి పెట్టిన రోజున, లేదా అక్కడి నుంచి వాయిదా పడిన ఏ రోజునైనా, అప్పీలు పిలిచినప్పుడు అప్పిలెంట్ హాజరు కాకపోతే కోర్టు ఆ అప్పీలుని కొట్టేయవచ్చు. అలా కొట్టేసి తీరాలని మాత్రం రూల్ చెప్పదు. వాయిదా వేయడమూ, మధ్యాహ్నం ఇంకోసారి పిలిపించడమూ జడ్జిగారి చేతిలో ఉన్నవే. అదే రూల్ రెండో భాగంలో ఎదుటి పక్షం సంగతి ఉంది. అప్పిలెంట్ వచ్చి రెస్పాండెంట్ రాకపోతే అప్పీలు ఎక్స్‌పార్టీగా, అంటే అతను లేకుండానే వింటారు.

1976 సవరణతో ఆ రూల్‌కి ఒక వివరణ చేర్చారు. అప్పిలెంట్ రాని రోజున అప్పీలుని మెరిట్స్ మీద కొట్టేసే అధికారం ఈ రూల్ కింద కోర్టుకి లేదని దాని సారం. అంటే మీరు లేనప్పుడు మీ కేసు చదివి, నీ వాదనలో పస లేదు, నువ్వు ఓడిపోయావు అని తీర్పు రాయకూడదు. రాలేదు కాబట్టి డిఫాల్ట్ కింద కొట్టేయాలి, లేదంటే వాయిదా వేయాలి. 1996లో అబ్దుర్ రెహ్మాన్ వర్సెస్ అతీఫా బేగం కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. 2023లో బెన్నీ డిసౌజా కేసులోనూ మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. లాయరు రాని రోజున హైకోర్టు మెరిట్స్ మీద కొట్టేసిన సెకండ్ అప్పీలు (మొదటి అప్పీలు తీర్పు మీద హైకోర్టులో వేసేది) అది, సుప్రీంకోర్టు దాన్ని వెనక్కి పంపింది.

ఈ తేడా తెలియాలి, ఎందుకంటే తర్వాత పట్టాల్సిన దారి దాన్ని బట్టే ఉంటుంది. డిఫాల్ట్ కింద కొట్టేసిన ఉత్తర్వు చట్టం ప్రకారం డిక్రీ, అంటే కేసులో హక్కుల్ని తేల్చిన ఉత్తర్వు కాదు. దాని మీద హైకోర్టులో సెకండ్ అప్పీలు పనికిరాదు. కొట్టేసిన ఆ కోర్టుకే వెళ్ళి, నా అప్పీలుని మళ్ళీ ఫైలు మీదకి తీసుకోండి అని అదే ఆర్డర్ 41లోని రూల్ 19 కింద పిటిషన్ వేయాలి. మా దగ్గర అందరూ దాన్ని రెస్టోరేషన్ పిటిషన్ అంటారు. ఆ రోజు పిలిచినప్పుడు రాలేకపోవడానికి తగిన కారణం ఉందని రుజువైతే కోర్టు అప్పీలుని తిరిగి తీసుకోవాలి. రూల్ 17లో ఉన్న వెసులుబాటు ఇక్కడ లేదు, కారణం రుజువయ్యాక తీసుకుని తీరాల్సిందే. ఖర్చులు కట్టమని షరతు పెట్టవచ్చు.

ఇక ఒక పెద్దాయన సంగతి చెప్తాను. ఆయన ఒప్పుకున్నాకే రాస్తున్నాను. పేరు, ఊరు, కోర్టు రాయను.

ఆయనది ఉద్దానం. కొబ్బరి తోట, నాలుగు జీడి చెట్లు. పక్క తోటవాళ్ళకీ ఈయనకీ మధ్య గట్టు మీద వరసగా కొబ్బరి చెట్లుండేవి, వాటినే హద్దుగా రెండిళ్ళవాళ్ళూ తాతల నాటి నుంచి ఒప్పుకున్నారు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుఫాను వచ్చింది. ఉద్దానంలో ఆ రాత్రి ఎన్ని తోటలు నేలమట్టమయ్యాయో మా జిల్లావాళ్ళకి చెప్పక్కర్లేదు. హద్దు చెట్లు కూడా పడిపోయాయి. పడిన మానులు తీయించి, మొదళ్ళు పీకించి, నేల చదును చేసేటప్పుడు పక్కవాళ్ళు కట్టిన కొత్త గట్టు ఈయన వైపుకి జరిగింది. ఏడెనిమిది సెంట్లు. బయటివాళ్ళకి అదేం పెద్ద నేల కాదు. తోట మీదే బతికేవాడికి, మొక్క పెట్టి కాపు కోసం ఏళ్ళు ఆగాల్సినవాడికి అది పెద్దదే.

పెద్దమనుషుల్లో తేలలేదు, దావా వేశాడు. కింది కోర్టులో ఓడిపోయాడు. హద్దు ఫలానా చోట ఉండేదని చూపించే సర్వే కొలత ఫైల్లో లేదని కోర్టు రాసింది. ఆ నోటితో ఈ నోటితో చెప్పిన సాక్ష్యాలు చాలలేదు. ఈలోగా భార్యకి కిడ్నీలు పాడయ్యాయి. కవిటి, సోంపేట, కంచిలి, ఇచ్ఛాపురం, మందస, పలాస, వజ్రపుకొత్తూరు చుట్టుపక్కల ఊళ్ళలో ఈ మాట వినని ఇల్లు తక్కువ. కారణం ఇప్పటికీ పూర్తిగా తేలని జబ్బు అది. వారంలో డయాలసిస్ రోజులు, వాటి మధ్య నీరసంగా పడుకునే రోజులు, ఇంటి లెక్క అంతా దాని చుట్టూనే తిరుగుతుంది. లాయరు ఫీజుకి డబ్బు మిగల్లేదు. ఆ లాయరుగారు మంచివారు, కట్ట తిరిగి ఇచ్చేసి, ‘అప్పీలు నువ్వే వేసుకో, ముప్పై రోజుల్లో వెయ్యి’ అని చెప్పి పంపారు. అప్పీలు గ్రౌండ్స్, అంటే కింది తీర్పు ఎందుకు తప్పో చెప్పే కారణాలు, మా షాపులోనే టైపు చేశాం. గడువులోపలే వేశాడు, నంబరు పడింది.

తర్వాత కొన్ని వాయిదాలకి వచ్చాడు. తెల్లారుజామున ఆటోలో మెయిన్ రోడ్డుకి వచ్చి, బస్సెక్కి, కోర్టు తెరవకముందే మా అరుగు మీద కూర్చునేవాడు. ఒక ఏప్రిల్ నెల వాయిదాకి రాలేదు. అంతకుముందు రోజు డయాలసిస్ అయ్యాక భార్యకి ఒళ్ళు చల్లబడిపోయి ఆసుపత్రిలోనే ఉంచేశారు. కొడుకు వైజాగ్‌లో పనిలో ఉన్నాడు, వచ్చేసరికి రాత్రయింది. ఆ రోజు పదిన్నరకి ఈయన ఆసుపత్రి మంచం పక్కన ఉన్నాడు. కోర్టులో పేరు పిలిచారు, ఎవరూ పలకలేదు.

మళ్ళీ మా షాపు మెట్లెక్కింది మే నెలాఖరులో. కోర్టులకి వేసవి సెలవులు.

“అమ్మా, నా అప్పీలు కొట్టీసినారట. ఆస్పత్రిల ఉన్నాను నాను, ఎల్లలేకపోనాను. నాను రాకపోతే నా కాగితాలు సదవరేటి?”

ఆ ప్రశ్నకి నాకు నోట మాట రాలేదు. ఎందుకంటే ఆయన అడిగింది న్యాయంగానే ఉంది. కాగితాల్లో అన్నీ రాసి ఇచ్చాం కదా, మనిషి లేకపోయినా అవి మాట్లాడతాయి అని వాళ్ళు నమ్ముతారు. కోర్టు అలా పనిచేయదు. అప్పీలు పెట్టినవాడు నిలబడి, కింది కోర్టు తీర్పులో ఎక్కడ పొరపాటుందో చెప్పాలి. వాదన మొదలుపెట్టే హక్కూ బాధ్యతా అప్పిలెంట్‌వే. ఆయన లేనప్పుడు కాగితాలు చదివి ఆయనకి వ్యతిరేకంగా తేల్చకూడదని చట్టం ఆపింది. ఆ రక్షణ ఆయన మంచికే ఉంది, కానీ దాని వల్లే ఆ రోజు ఆయన కాగితాలు ఎవరూ తెరవలేదు. ఈ సంగతి ఆయనకి కూర్చోబెట్టి చెప్పడానికి చాలాసేపు పట్టింది.

అసలు భయం గడువు గురించి. రెస్టోరేషన్ పిటిషన్‌కి 1963 లిమిటేషన్ చట్టం ఆర్టికల్ 122 ప్రకారం ముప్పై రోజులే గడువు, అది కొట్టేసిన తేదీ నుంచి మొదలవుతుంది. మనకి తెలిసిన తేదీ నుంచి కాదు. ఆయనకి విషయం తెలిసింది కొన్నాళ్ళకి, తర్వాతి వాయిదా ఎప్పుడో కనుక్కుందామని వెళ్ళినప్పుడు. వెంటనే ఆర్డరు కాపీకి అప్లికేషన్ పెట్టి, కాపీ వచ్చాక పిటిషన్ వేద్దామని ఆగాడు. చాలామంది చేసేది ఇదే. అప్పీలు వేయడానికైతే కాపీ కోసం పట్టిన రోజులు లెక్కలోంచి తీసేస్తారు. అదే చట్టం సెక్షన్ 12 ఆ సదుపాయాన్ని అప్పీలుకి, రివిజన్‌కి, రివ్యూకి ఇచ్చింది. రెస్టోరేషన్ పిటిషన్ పేరు అందులో లేదు. కాబట్టి కాపీ కోసం ఆగకండి. కొట్టేశారని తెలిసిన రోజే తేదీ రాసుకుని, ఆ తేదీతో పిటిషన్ సిద్ధం చేయించండి.

ఈయన్ని కాపాడింది సెలవులు. ముప్పైయ్యో రోజు కోర్టు మూసి ఉన్న రోజుల్లో పడింది. అలా పడితే కోర్టు తెరిచిన రోజున వేసినా గడువులో వేసినట్టేనని లిమిటేషన్ చట్టం సెక్షన్ 4 చెప్తుంది. ఆ తెరిచిన రోజు ఒక్కటే, మర్నాడు కాదు. నేను టైపు చేసిపెట్టే ఒక లేడీ అడ్వకేట్ లెక్క సరిచూసి, ‘అక్కా, రీ-ఓపెనింగ్ రోజునే ఫైల్ చేయించు’ అని గట్టిగా చెప్పింది. ఆ లెక్క కూడా తప్పిపోయినవాళ్ళకి సెక్షన్ 5 ఉంది, ఆలస్యాన్ని మన్నించమని వేరే పిటిషన్ జత చేయాలి. 1987లో కాటీజీ కేసులో సుప్రీంకోర్టు ఆలస్యం విషయంలో ఉదారంగా చూడమంది, ఎందుకంటే మన్నించకపోతే విషయమున్న కేసు కూడా గుమ్మంలోనే పోతుంది. కానీ దాని మీద ఆశ పెట్టుకుని గడువు దాటించకండి. ఒక పిటిషన్‌తో పోయేది రెండవుతుంది, ఎదుటివాళ్ళకి రెండు కౌంటర్లు (ఎదురు జవాబులు) రాసే వీలు దొరుకుతుంది.

అఫిడవిట్ సంగతి కొంచెం వివరంగా రాస్తాను, నా చేతి పని అదే కాబట్టి. ఊళ్ళో ఎవరో తెల్లకాగితం మీద రాసిచ్చింది తెచ్చాడు. అందులో ‘అనారోగ్య కారణాల వలన హాజరు కాలేకపోతిని’ అని ఒక్క వాక్యం ఉంది. ఎవరి అనారోగ్యం, ఏ రోజు, ఎక్కడ, ఏమీ లేదు. ఇలాంటి వాక్యాన్ని ప్రతి జడ్జిగారూ ఎన్ని వందలసార్లు చదివి ఉంటారో. చదివినవాళ్ళకి ఇందులో మనిషి కనబడడు.

“ఆ వేళ పదిన్నరకి ఎక్కడున్నారు బాబూ?”

“ఆస్పత్రిల, దాని మంచం కాడ.”

“ఎవరైనా చూశారా? కాగితం ఏమైనా ఇచ్చారా?”

సంచిలోంచి ప్లాస్టిక్ కవరు తీశాడు. అందులో అడ్మిట్ చేసిన తేదీ, పంపించేసిన తేదీ ఉన్న కాగితం, డయాలసిస్ కార్డు, మందుల చీటీలు ఉన్నాయి. కావలసినవన్నీ ఆయన సంచిలోనే ఉన్నాయి. తెల్లకాగితం రాసినాయన అడగలేదు, ఈయనకి చూపించాలని తోచలేదు.

అఫిడవిట్‌లో వరసగా రాశాం. వాయిదా ఫలానా తేదీ. అంతకుముందు రోజు భార్యని చేర్చారు, కాగితం జత. వాయిదా రోజు పొద్దున ఆమె పరిస్థితి ఇది, ఇంట్లో చూసుకోవడానికి వేరే మనిషి లేరు, కొడుకు ఆ రాత్రికి వచ్చాడు. తరఫున చెప్పడానికి లాయరు లేరు. అంతకుముందు వాయిదాలకి తాను వచ్చిన తేదీలు, డాకెట్‌లో ఉన్నవే. కొట్టేసినట్టు తెలిసిన తేదీ, ఎలా తెలిసింది, ఆ తర్వాత ఏం చేశాడు. అంతే, ఏడుపు మాటలు పెట్టలేదు. కింద ‘తెలుగులో చదివి వినిపించగా నిజమని ఒప్పుకున్నారు’ అనే అర్థంతో ఇంగ్లీషులో ఒక లైను ప్రతి అఫిడవిట్‌కీ ఉంటుంది. నేను దాన్ని ఊరికే టైపు చేయను, నిజంగా చదివి వినిపిస్తాను. చదువుతుంటే ఒక తేదీ దగ్గర ఆపి, ‘అది బేస్తవారం కాదమ్మా, బుధవారం’ అన్నాడు. సరిచేశాం. ఆ ఒక్క రోజు తేడా ఎదుటి లాయరుగారికి దొరికుంటే ఆసుపత్రి కాగితానికీ అఫిడవిట్‌కీ పొంతన లేదని అనేవారు.

ఎదుటి పక్షం కౌంటర్ వేసింది. ఈయన అంతకుముందు కూడా రెండుసార్లు వాయిదా అడిగాడు, సాగదీయడమే ఉద్దేశం అని. దీనికి సమాధానం కూడా సుప్రీంకోర్టే ఎప్పుడో చెప్పి ఉంది. 2000లో జి.పి. శ్రీవాస్తవ వర్సెస్ ఆర్.కె. రైజాదా కేసులో, తగిన కారణం ఉందా లేదా అన్నది గైర్హాజరైన ఆ రోజుని బట్టి చూడాలని, దానికి ముందు జరిగిన వాటిని లాక్కురాకూడదని అంది. అది కింది కోర్టు ఎక్స్‌పార్టీ డిక్రీ గురించిన కేసు, కానీ తగిన కారణం అనే పరీక్ష ఇక్కడా ఉన్నదే. లేడీ అడ్వకేట్ ఆ తీర్పు ప్రింటు ఇచ్చింది. పెద్దాయన దాన్ని మెమోతో పాటు ఇచ్చి, ఆసుపత్రి కాగితం చూపించి, నాలుగు మాటలు చెప్పాడు. ఖర్చుల కింద ఐదు వందలు కట్టమని చెప్పి జడ్జిగారు అప్పీలుని ఫైలు మీదకి తీసుకున్నారు.

ఈలోగా ఆ ఏడెనిమిది సెంట్ల చుట్టూ పక్కవాళ్ళు రాతి స్తంభాలు పాతేశారు. అప్పీలు లేదని తెలిసిన వారంలోనే. ఒక వాయిదా తప్పిపోతే నేల మీద ఇలా కనబడుతుంది. ఆ తర్వాత కోర్టు ఏమన్నా ఆ స్తంభాలు వాటంతట అవి లేవవు.

ఎదుటివాళ్ళ పక్షాన కూడా ఒక మాట చెప్పాలి. వాళ్ళు కింది కోర్టులో గెలిచి కూర్చున్నారు. కొందరు అప్పీలు వేసేదే సాగదీయడానికి, స్టే తెచ్చుకుని వాయిదాలకి రాకుండా తిరిగేవాళ్ళని నేనూ చూశాను. అలాంటివాళ్ళ కోసం గెలిచినవాడు ఎన్నాళ్ళు తిరగాలి? రోజూ ఆ జాబితా అంతా పిలవాల్సిన జడ్జిగారికి, రానివాళ్ళ అప్పీళ్ళన్నీ అలాగే ఉంచుకోండి అని చెప్పడం సబబు కాదు. రూల్ 17 అక్కర్లేదని నేను అనను.

నేనడిగేది వేరు. 1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ అనే కేసు వచ్చింది. అలహాబాద్ హైకోర్టులో లాయరు రాని రోజున ఒక పల్లెటూరి మనిషి అప్పీలు పోయింది. లాయరుని పెట్టుకున్నాక తన పని అయిపోయిందని నమ్మిన మనిషిని, ఆ లాయరు రాలేదని శిక్షించడం న్యాయం కాదని సుప్రీంకోర్టు అప్పీలుని తిరిగి నిలబెట్టింది. ఖర్చులు రాని లాయరు నుంచే వసూలు చేయమంది. చాలా మంచి తీర్పు. లాయరు ఉన్నవాడు ఈ తీర్పు చూపించి, తప్పు నాది కాదు అనగలడు. లాయరు లేనివాడు ఎవరిని చూపిస్తాడు? పెట్టుకోవడానికి డబ్బు లేనివాడికి ఆ ఆసరా కూడా ఉండదు. అందుకే పార్టీ ఇన్ పర్సన్ రాని రోజున ఇంకాస్త ఆగి చూడడం అతనికి ఎక్కువ చేసినట్టు కాదు. మిగతావాళ్ళకి జూనియర్ల వల్లా గుమస్తాల వల్లా రోజూ దొరుకుతున్నదే అది. పొద్దున రాకపోతే భోజనాల తర్వాత ఇంకోసారి పిలవడం, అప్పుడూ రాకపోతే ఒక్క వాయిదా వేసి, ఈసారి రాకపోతే కొట్టేస్తామని ఆయన చిరునామాకి నోటీసు పంపడం. చాలామంది జడ్జీలు ఇలా చేస్తారు, నేను చూశాను. అది ఆ జడ్జిగారి మనసుని బట్టి కాకుండా ప్రతి కోర్టులో పద్ధతిగా ఉండాలని నా కోరిక. 1955లోనే సంగ్రామ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు, ప్రొసీజర్ ఉన్నది న్యాయం జరగడానికే గానీ మనుషుల కాళ్ళకి అడ్డం పడడానికి కాదని చెప్పింది.

ఇవి జరిగేలోపు మనం చేసుకోగలిగినవి కొన్ని ఉన్నాయి. అప్పీలు వేసేటప్పుడు మీ ఫోన్ నంబరు కోర్టు రికార్డులో ఎక్కించమని అడగండి. కేసుకి పదహారు అక్షరాల సి.ఎన్.ఆర్. నంబరు ఉంటుంది, అది ఈ-కోర్ట్స్ యాప్‌లో కొడితే తర్వాతి వాయిదా, ఆ రోజు ఏం జరిగిందీ కనబడతాయి. ఇంట్లో ఫోను వాడే పిల్లలకి ఆ నంబరు ఇచ్చి వాయిదా సాయంత్రం చూడమనండి. రాలేమని ముందే తెలిస్తే వాయిదా కోరుతూ పిటిషన్, దానికి తగిన కాగితం ముందుగానే ఇచ్చేయండి. కొడుకుకో కూతురికో పవర్ ఆఫ్ అటార్నీ రాసిస్తే, ఆర్డర్ 3 ప్రకారం మీ బదులు వాళ్ళు హాజరు కావచ్చు. వాదించాలంటే మాత్రం కోర్టు అనుమతి కావాలి. పిలిచినప్పుడు పలకడానికైతే ఆ మనిషి చాలు.

ఇంకొకటి, ఉచిత లాయరు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి దరఖాస్తు పెట్టుకుంటే అప్పీలు దశలో కూడా లాయరుని ఇస్తారు. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం సెక్షన్ 12 ప్రకారం ఆడవాళ్ళకి, ఎస్సీ ఎస్టీలకి, వికలాంగులకి ఆదాయంతో పని లేదు. మిగతావాళ్ళకి ఆదాయ పరిమితి ఉంటుంది. 15100కి ఫోన్ చేసినా చెప్తారు. సర్కారు లాయరు పట్టించుకోడని మా దగ్గర ఒక అపనమ్మకం ఉంది. ఆ మాట విని ఒంటరిగా తిరిగేవాళ్ళకి నేను ప్రతిసారీ చెప్తాను, ముందు వెళ్ళి అడగండి, లాయరు నచ్చకపోతే మార్చమని అడిగే దారి కూడా ఉంది అని.

రెస్టోరేషన్ పిటిషన్ కూడా కొట్టేస్తే అక్కడితో అయిపోలేదు. ఆ ఉత్తర్వు మీద ఆర్డర్ 43 రూల్ 1 కింద అప్పీలు ఉంది, సి.ఎం.ఏ. (సివిల్ మిసిలేనియస్ అప్పీల్) అంటారు. దానికీ గడువు ఉంటుంది కాబట్టి ఆ రోజే ఎవరినైనా అడగండి.

పెద్దాయన అప్పీలు ఇప్పుడు నడుస్తోంది. కింది కోర్టు తీర్పులో లేదన్నది సర్వే కొలత కదా, అందుకని సర్వేయరుతో కొలిపించడానికి, కోర్టు తరఫున నేల చూసి రిపోర్టు ఇచ్చే కమిషనర్ని వేయమని ఆర్డర్ 26 రూల్ 9 కింద పిటిషన్ వేశాడు. దానికి ఎదుటివాళ్ళు కౌంటర్ వేశారు. కింది కోర్టులో ఎందుకు అడగలేదు, ఇప్పుడెందుకు అంటున్నారు. అడగదగిన మాటే, జడ్జిగారు రెండు వైపులా విని తేలుస్తారు. కొడుకు పేరు మీద పవర్ కూడా రాయించాం. మొన్న వాయిదా డయాలసిస్ రోజునే పడింది. వైజాగ్ నుంచి కొడుకు వచ్చి పేరు పిలవగానే లేచి నిలబడ్డాడట. వచ్చే నెలకి వేశారు, కమిషన్ పిటిషన్ మీద వాదనలకి.